మందు వల్లేనా? ఎల్‌శాట్‌లో ఆరోగ్య వాదనలను చదవడం గురించి

అందరికీ నమస్కారం. పెన్నులు కాసేపు పక్కన పెట్టండి. ముందు ఒక చిన్న వాదన చదువుతాను, వింటే చాలు.

"మెనోపాజ్ దాటాక హార్మోన్ మాత్రలు వాడుతున్న మహిళలను, వాడని మహిళలను పరిశోధకులు ఏళ్ల తరబడి గమనించారు. వాడుతున్నవాళ్లలో గుండెజబ్బులు బాగా తక్కువగా కనిపించాయి. కాబట్టి ఈ మాత్రలు గుండెను కాపాడతాయి."

ఇది సబబుగానే ఉందని ఎంతమందికి అనిపించింది? చేతులెత్తండి. సగం మందికి పైనే ఉన్నారు. మొహమాటపడకండి. అమెరికాలో చాలా ఏళ్లపాటు పేరున్న డాక్టర్లు కూడా ఇలాగే ఆలోచించారు. 1976లో మొదలైన నర్సెస్ హెల్త్ స్టడీ లాంటి పెద్ద అధ్యయనాల్లో కనిపించింది కూడా ఇదే. లక్షల మంది మహిళలు ఆ మాత్రలు వాడారు. చివరికి ఏమైందో చెబుతాను, కాస్త ఓపిక పట్టండి. ఈ మూడు వాక్యాలను మాత్రం మనసులో ఉంచుకోండి, మళ్లీ మళ్లీ వీటి దగ్గరికే వస్తాను.

పరీక్ష సంగతి మీకు తెలిసిందే. 2024 ఆగస్టు నుంచి ఎల్‌శాట్‌లో, అంటే అమెరికా లా స్కూళ్ల ప్రవేశ పరీక్షలో, లాజిక్ గేమ్స్ అనే పజిల్ సెక్షన్ లేదు. స్కోరు లెక్కలోకి వచ్చే మూడు సెక్షన్లలో రెండు లాజికల్ రీజనింగే, అంటే చిన్న వాదనలు ఇచ్చి ప్రశ్నలు అడిగేవే. ఒక్కో సెక్షన్‌కి 35 నిమిషాలు, సుమారు 25 ప్రశ్నలు. ప్రశ్నకి నిమిషంన్నర కూడా దొరకదు. ఆ ప్రశ్నల్లో చరిత్ర వస్తుంది, వ్యాపారం వస్తుంది, జంతువుల గురించి వస్తుంది. మందులు, ఆహారం, నిద్ర, వ్యాయామం, రోగాల మీద వాదనలు కూడా తరచుగా వస్తాయి. వాటికి వైద్యం తెలిసి ఉండాల్సిన అవసరం లేదు. కావాల్సిన సమాచారమంతా ఆ నాలుగైదు వాక్యాల్లోనే ఉంటుంది.

అయినా ఆరోగ్యం ప్రశ్నల్లో తెలివైనవాళ్లు తప్పు చేస్తారు. ఎందుకో నా అనుభవం నుంచి చెబుతాను. నేను లా వైపు రాకముందు ఫార్మసీ చదివాను. ప్రిపరేషన్ మొదలుపెట్టిన కొత్తలో, మందుల మీద వచ్చే ప్రశ్నలు నాకు తేలికగా వస్తాయనుకున్నాను. ప్రాక్టీస్ టెస్టులు దిద్దుకుంటే, అన్నిటికన్నా ఎక్కువ తప్పులు వాటిలోనే కనిపించాయి. నేను ఎంచుకున్న ఆప్షన్ ప్రతిసారీ బయట ప్రపంచంలో నిజమే. కానీ పేజీ మీద ఉన్న వాదనకి దానితో పని లేదు. కన్‌క్లూజన్ నిజమా కాదా అని నాకు నేనే తీర్పు చెప్పుకుంటున్నాను. పరీక్ష అడిగేది అది కాదు. ఈ ఆధారం ఈ కన్‌క్లూజన్ దాకా చేరుతుందా అని అడుగుతుంది. ఈ రెండు ప్రశ్నలూ వేరని నాకు అర్థం కావడానికి మూడు నెలలు పట్టింది. మీకు ఈ గంటలో అర్థమైతే నాకు సంతోషం.

ఆరోగ్యం విషయంలో ఇది ఇంకా కష్టం. మనందరి ఇళ్లల్లో రోగాలున్నాయి, భయాలున్నాయి. "ఈ మందు కాపాడుతుంది" అని చదవగానే కాపాడాలనే కోరిక ముందు లేస్తుంది. ఆ కోరిక తప్పేమీ కాదు. అయితే ఆధారంలో లేని బలాన్ని అది తెచ్చిపెడుతుంది.

ఇప్పుడు ఆ మూడు వాక్యాల దగ్గరికి వద్దాం. కన్‌క్లూజన్ ఏది? "మాత్రలు గుండెను కాపాడతాయి." ఆధారం ఏది? "వాడినవాళ్లలో జబ్బు తక్కువ కనిపించింది." రెండిటినీ పక్కపక్కన పెట్టి మాటలు పోల్చండి. ఆధారంలో "కనిపించింది" అని ఉంది. కన్‌క్లూజన్‌లోకి వచ్చేసరికి అది "కాపాడతాయి" అయింది. రెండు విషయాలు కలిసి కనిపించడం నుంచి ఒకటి రెండోదాన్ని చేసిందనే దాకా ఒక దూకుడు ఉంది. ఎల్‌శాట్‌లో ఆరోగ్య వాదనలు చాలావరకు ఈ ఒక్క చోటే దూకుతాయి. అందుకే క్రియాపదాన్ని పట్టుకోమంటాను. "తగ్గిస్తుంది", "పెంచుతుంది", "దారితీస్తుంది", "నివారిస్తుంది" లాంటి మాట కన్‌క్లూజన్‌లో కనిపిస్తే, అదే మాట ఆధారంలో కూడా ఉందా అని వెంటనే వెనక్కి చూడండి.

దూకుడు కనిపించాక ఏం చేయాలి? మాత్రలు వాడినవాళ్లు ఎవరో ఆలోచించండి. ఆ మాత్రలు ఎవరికి వస్తాయి? డాక్టర్ దగ్గరికి క్రమంగా వెళ్లగలిగినవాళ్లకి, ఖర్చు పెట్టుకోగలిగినవాళ్లకి, రాసిచ్చిన మందు రోజూ మర్చిపోకుండా వేసుకునేవాళ్లకి. అలాంటివాళ్లు వ్యాయామం కూడా ఎక్కువ చేస్తూ ఉండవచ్చు, పొగ తక్కువ తాగుతూ ఉండవచ్చు. అప్పుడు గుండె బాగుండటానికి కారణం మాత్ర కాకపోవచ్చు, వాళ్ల జీవితమే కావచ్చు. లేదా వరుస తిరగబడి ఉండవచ్చు. ఆరోగ్యంగా ఉన్నవాళ్లకే డాక్టర్లు ఆ మాత్రలు రాసి ఉండవచ్చు. వాదనను బలహీనపరిచే ఆప్షన్ ఏదని అడిగితే, సరైన జవాబు ఈ రెండిటిలో ఒక రూపంలో వచ్చే అవకాశం ఎక్కువ. ఆప్షన్లు చదవకముందే ఈ రెండు మాటలూ మీ నోట్లో ఉండాలి.

ఇంకో సంగతి. ఆ ప్రశ్నలో "ఈ కింది వాటిలో ఏది నిజమని అనుకుంటే" అనే మాట ఉంటుంది. దాన్ని అందరూ దాటేస్తారు. ఆప్షన్ నిజమా కాదా అని మీరు వాదించకూడదు, నిజమే అని ఒప్పుకుని దాని ప్రభావం చూడాలి. "మాత్రలు వాడినవాళ్లు వాడనివాళ్ల కన్నా ఎక్కువ వ్యాయామం చేసేవాళ్లు" అని ఆప్షన్‌లో ఉంటే, "అలా అని ఎవరు చెప్పారు?" అని తోసేసే విద్యార్థులను చాలామందిని చూశాను. ఆ హక్కు మీకు లేదు.

సరే, అసలు ఏమైంది? అమెరికాలో విమెన్స్ హెల్త్ ఇనిషియేటివ్ పేరుతో ఒక పెద్ద ట్రయల్ జరిగింది. 16,608 మంది మహిళల్లో ఎవరికి ఈస్ట్రోజన్, ప్రొజెస్టిన్ అనే హార్మోన్లు కలిసిన మాత్ర ఇవ్వాలో, ఎవరికి మందు లేని మాత్ర ఇవ్వాలో లాటరీ వేసినట్టు ఎంపిక చేశారు. ఎవరు ఏ గుంపులో పడతారన్నది డబ్బును బట్టి, అలవాట్లను బట్టి, డాక్టర్‌ను బట్టి నిర్ణయం కాలేదు. సగటున ఐదేళ్లు దాటేసరికి, 2002 జులైలో ఆ భాగాన్ని మధ్యలోనే ఆపేశారు. మాత్ర వేసుకున్నవాళ్లలో గుండెజబ్బు తగ్గకపోగా కొంచెం పెరిగింది. పక్షవాతం పెరిగింది, ఊపిరితిత్తుల్లో రక్తపు గడ్డలు పెరిగాయి, రొమ్ము క్యాన్సర్ పెరిగింది. తుంటి ఎముక విరగడం, పెద్దపేగు క్యాన్సర్ మాత్రం తగ్గాయి.

(కాసేపు మౌనం)

ఇది చెప్పినప్పుడల్లా గదిలో ఇలాగే నిశ్శబ్దం వస్తుంది. రావాలి కూడా. పరీక్షలో మనం ఒక మార్కు కోసం వెతికే ఆ ఖాళీలోనే నిజంగా మనుషులు పడ్డారు.

ఇక్కడ ఆగిపోతే సగమే చెప్పినట్టు. ఈ కథ విన్నవాళ్లలో చాలామంది వెంటనే ఇంకో వాదన చేస్తారు. "రొమ్ము క్యాన్సర్ 26 శాతం పెరిగింది. కాబట్టి హార్మోన్ మాత్రలు ఏ వయసు మహిళకైనా చాలా ప్రమాదం." ఇప్పుడు దీన్ని కూడా మొదటి వాదనంత జాగ్రత్తగా చదవండి. రెండు చోట్ల దూకుడు ఉంది.

ఒకటి, 26 శాతం అనే అంకె. దేనిలో 26 శాతం? ఆ ట్రయల్‌లో మాత్ర లేనివాళ్లలో ఏడాదికి 10,000 మందిలో 30 మందికి రొమ్ము క్యాన్సర్ వస్తే, మాత్ర వాడినవాళ్లలో 38 మందికి వచ్చింది. అంటే 10,000 మందికి ఏడాదికి ఎనిమిది మంది ఎక్కువ. 26 శాతం అన్నదీ నిజమే, ఎనిమిది మంది అన్నదీ నిజమే. మొదటిది వింటే గుండె ఝల్లుమంటుంది, రెండోది వింటే మనిషి కూర్చుని తన పరిస్థితికి అన్వయించుకోగలుగుతుంది. శాతం పెరిగిందని ఆధారం చెప్పి, ప్రమాదం పెద్దదని కన్‌క్లూజన్ చెబితే, మొదట ఎంత ఉండేదన్న ప్రశ్నకి జవాబు లేదన్నమాట. వాదనలో లోపం ఏమిటని అడిగే ఫ్లా ప్రశ్నల్లో ఇది చాలా మామూలుగా వస్తుంది. ఇంగ్లండ్‌లో 1995లో కొన్ని రకాల గర్భనిరోధక మాత్రల వల్ల సిరల్లో రక్తం గడ్డకట్టే ప్రమాదం రెట్టింపు అవుతుందని ప్రకటించారు. రెట్టింపు అంటే 7,000 మందిలో ఒకరి నుంచి ఇద్దరికి. ఆ మాట వినగానే ఎందరో మాత్రలు ఆపేశారు, మరుసటి ఏడాది అబార్షన్లు వేల సంఖ్యలో పెరిగాయి. "రెట్టింపు" అనే ఒక్క మాటకి అంత బలం ఉంది.

రెండో దూకుడు "ఏ వయసు మహిళకైనా" అనే చోట. ట్రయల్‌లో పాల్గొన్నవాళ్ల సగటు వయసు 63. మెనోపాజ్ ఇప్పుడిప్పుడే వచ్చిన 50 ఏళ్ల మనిషికి ఆ ఫలితం అలాగే వర్తిస్తుందని ఆధారం చెప్పదు. వర్తించవచ్చు, వర్తించకపోవచ్చు. తర్వాతి ఏళ్లలో డాక్టర్ల మధ్య జరిగిన చర్చలో పెద్ద భాగం ఈ వయసు గురించే. అందుకే ఎవరిని పరీక్షించారు, ఎవరి గురించి తేల్చారు అనేది ప్రతిసారీ చూడమంటాను. ఎలుకల మీద చూసి మనుషుల గురించి, ఆసుపత్రిలో ఉన్నవాళ్లను చూసి అందరి గురించి, అథ్లెట్లను చూసి ముసలివాళ్ల గురించి తేల్చే వాదనలు మీకు దొరుకుతాయి.

(సభలో ఒకరు: మేడం, నెససరీ అజంప్షన్‌కి కూడా ఇదే పద్ధతి సరిపోతుందా?)

మంచి ప్రశ్న. నెససరీ అజంప్షన్ అంటే పైకి చెప్పకపోయినా, వాదన నిలబడాలంటే తప్పనిసరిగా నిజం కావాల్సిన మాట. దానికీ ఈ పద్ధతి చాలావరకు సరిపోతుంది. దానికి ఒక ప్రత్యేకమైన కథ ఉంది, అది చెబితే మళ్లీ మర్చిపోరు.

గుండెపోటు వచ్చి బతికినవాళ్లలో కొందరికి గుండె మధ్యమధ్యలో లయ తప్పి కొట్టుకుంటుంది. అలా లయ తప్పేవాళ్లు ఎక్కువగా చనిపోతున్నారని డాక్టర్లు గమనించారు. లయను సరిచేసే మందులు దొరికాయి. వాదన ఇది: "ఈ మందు లయ తప్పడాన్ని తగ్గిస్తుంది. లయ తప్పేవాళ్లలో మరణాలు ఎక్కువ. కాబట్టి ఈ మందు మరణాలను తగ్గిస్తుంది." ఎంత సహజంగా ఉందో చూడండి. ఇక్కడ చెప్పకుండా అనుకున్నది ఏమిటి?

(సభలో ఇంకొకరు: మందు వేరే విధంగా ప్రాణం తీయదని.)

సరిగ్గా అదే. ఇప్పుడు ఆ మాటను తిరగేయండి. "మందు లయ సరిచేసినా, తగ్గించినన్ని మరణాలకు ఇంకో దారిలో తానే కారణమవుతుంది." అలా తిరగేస్తే వాదన కూలిపోయిందా? కూలిపోయింది. కాబట్టి ఆ మాట ఆ వాదనకి నెససరీ. తిరగేసినా వాదన నిలబడి ఉంటే, ఆ ఆప్షన్ ఎంత అందంగా కనిపించినా వదిలేయండి. ఉదాహరణకి "లయ తప్పడానికి ఈ మందుకన్నా మంచి మందు ఇంకొకటి లేదు" అనే ఆప్షన్ వస్తుంది. తిరగేయండి. ఇంకో మంచి మందు ఉంది. అయితే ఏం? ఈ మందు కూడా మరణాలు తగ్గించవచ్చు కదా. వాదనకి ఏమీ కాలేదు.

ఈ కథలోనూ ట్రయల్ జరిగింది. దాని పేరు కాస్ట్. ఎన్‌కైనైడ్, ఫ్లెకైనైడ్ అనే రెండు మందులను లయ సరిచేస్తున్నట్టు తేలినవాళ్లకే ఇచ్చారు. 1989లో ఆ మందులను ఆపాల్సి వచ్చింది. మందు వేసుకున్న 755 మందిలో 63 మంది చనిపోయారు. మందు లేని మాత్ర వేసుకున్న 743 మందిలో 26 మంది. మీరు ఇప్పుడు చెప్పిన ఆ చిన్న అజంప్షన్‌ని ఎవరైనా ముందే పైకి చెప్పి, ముందే పరీక్షించి ఉంటే ఎన్ని ప్రాణాలు మిగిలేవో నేను తరచుగా ఆలోచిస్తాను. ఇది జరిగాక ఒక సూచిక మెరుగైతే మనిషి మెరుగవుతాడని అనుకోకూడదని వైద్యరంగం గట్టిగా నేర్చుకుంది. మీ పరీక్షలో ఇది కొలెస్ట్రాల్ రూపంలో రావచ్చు, ఎముక గట్టిదనం రూపంలో రావచ్చు, జ్ఞాపకశక్తి పరీక్షలో మార్కుల రూపంలో రావచ్చు. కొలిచింది ఒకటి, తేల్చింది ఇంకొకటి.

స్క్రీనింగ్ గురించి, అంటే లక్షణాలు కనిపించకముందే రోగం కోసం వెతికే పరీక్షల గురించి, కాస్త త్వరగా చెబుతాను. పారడాక్స్ ప్రశ్నలకి ఇది చాలా ఉపయోగం. ఒక మనిషి క్యాన్సర్‌తో 70వ ఏట చనిపోతాడనుకోండి. లక్షణాలు కనిపించి 67వ ఏట రోగం బయటపడితే, కనుగొన్నాక మూడేళ్లు బతికాడంటాం. అదే మనిషికి 60లోనే స్క్రీనింగ్‌లో బయటపడితే, అదే 70వ ఏట చనిపోయినా పదేళ్లు బతికాడంటాం. ఐదేళ్లకి మించి బతికినవాళ్ల శాతం అమాంతం పెరుగుతుంది, ఆయుష్షు ఒక్కరోజు కూడా పెరగదు. దక్షిణ కొరియాలో థైరాయిడ్ క్యాన్సర్ విషయం ఇంకో రకం. అక్కడ 1993 నుంచి 2011 మధ్య ఆ క్యాన్సర్ ఉందని తేలినవాళ్ల రేటు సుమారు 15 రెట్లు పెరిగింది. మరణాల రేటు మాత్రం దాదాపు మారలేదు. రోగం విజృంభించి ఉంటే, వైద్యం అంత అద్భుతంగా మెరుగైందా? అంతకన్నా సులువైన వివరణ ఉంది. అల్ట్రాసౌండ్‌తో వెతకడం పెరిగింది, ఎప్పటికీ హాని చేయని చిన్నచిన్న గడ్డలు కూడా లెక్కలోకి వచ్చాయి. పారడాక్స్ ప్రశ్నలో మీరు చేయాల్సింది ఇదే. రెండు వాస్తవాల్లో దేన్నీ కాదనకుండా, రెండూ ఒకేసారి ఎలా నిజమవుతాయో చెప్పే ఆప్షన్ వెతకాలి. ఒకదాన్ని మాత్రమే వివరించే ఆప్షన్ దగ్గర చాలామంది ఆగిపోతారు.

అధ్యయనానికి మందుల కంపెనీ డబ్బిచ్చింది కాబట్టి ఫలితం తప్పు అనే వాదన కూడా వస్తుంది. డబ్బు ఎవరిచ్చారన్నది అనుమానించడానికి మంచి కారణమే. అయినా ఫలితం తప్పని అది నిరూపించదు. ఇందులో ఎక్కువ చెప్పడానికి ఏమీ లేదు, ముందుకి వెళ్దాం.

(వెనక వరుస నుంచి ఒక విద్యార్థి: మేడం, ఇలా చదవడం మొదలుపెడితే ఇక ఏ ఆరోగ్య పరిశోధననీ నమ్మలేం కదా? అన్నిటిలోనూ ఏదో ఒక ఖాళీ ఉంటుంది.)

మీరు అడిగినందుకు నిజంగా సంతోషం. ఈ ప్రశ్న రాకపోతే నేనే ఎత్తుకునేదాన్ని.

వాదనలో ఖాళీ ఉందని చూపడం వేరు, కన్‌క్లూజన్ అబద్ధమని తేల్చడం వేరు. ఈ రెండోది చేసే వాదనలు కూడా ఎల్‌శాట్‌లో ఫ్లా ప్రశ్నలుగా వస్తాయి. "ఈ మందు పనిచేస్తుందని చెప్పే అధ్యయనంలో లోపముంది, కాబట్టి ఈ మందు పనిచేయదు." ఆ వాదన చేసిన మనిషి లోపాన్ని సరిగానే పట్టాడు, ఆ తర్వాత తానే దూకాడు.

దీనికి సిగరెట్ కథ కన్నా మంచి ఉదాహరణ నాకు తెలియదు. 1950లో రిచర్డ్ డాల్, బ్రాడ్‌ఫర్డ్ హిల్ అనే ఇద్దరు లండన్ ఆసుపత్రుల్లోని రోగులను పరిశీలించి, ఊపిరితిత్తుల క్యాన్సర్ ఉన్నవాళ్లలో పొగతాగేవాళ్లు ఎక్కువని చూపించారు. 1950ల చివర్లో రోనాల్డ్ ఫిషర్ దీన్ని ఒప్పుకోలేదు. ఆయన మామూలు మనిషి కాదు, ఇరవయ్యో శతాబ్దపు స్టాటిస్టిక్స్‌కి పునాది వేసినవాళ్లలో ఒకడు. పొగతాగాలనే కోరికనీ, క్యాన్సర్ వచ్చే గుణాన్నీ రెండిటినీ జన్యువులే ఇస్తుండవచ్చు కదా, అలాంటప్పుడు సిగరెట్‌ని ఎందుకు నిందించాలి అన్నాడు. మీ పరీక్షలో వాదనను బలహీనపరిచే ఆప్షన్ అడిగితే, ఫిషర్ మాట నూటికి నూరుపాళ్లు సరైన జవాబు. రెండిటికీ వెనక ఒకే కారణం ఉండవచ్చని చెప్పడం కన్నా చక్కగా ఆ వాదనను ఎవరూ బలహీనపరచలేరు.

కానీ ప్రశ్న అక్కడితో ఆగలేదు. అంతకుముందే, 1951లో, డాల్, హిల్ బ్రిటన్‌లోని డాక్టర్లకే ఉత్తరాలు రాశారు. సుమారు 40,000 మంది జవాబిచ్చారు. రోగం వచ్చాక వెనక్కి తిరిగి అడగడం కాకుండా, ముందే అలవాట్లు రాసిపెట్టుకుని ఏళ్ల తరబడి గమనించారు. ఎక్కువ తాగేవాళ్లలో మరణాలు ఎక్కువ, తక్కువ తాగేవాళ్లలో తక్కువ. అన్నిటికన్నా ముఖ్యం, మానేసినవాళ్లలో మానేసిన ఏళ్లు పెరిగేకొద్దీ, తాగుతూనే ఉన్నవాళ్లతో పోలిస్తే ప్రమాదం తగ్గుతూ వచ్చింది. సిగరెట్ మానేస్తే జన్యువులు మారవు కదా. ఫిషర్ చెప్పిన కారణమే అసలైనదైతే, మానేయడం వల్ల అంత తేడా ఎందుకు వస్తుంది?

ఇది స్ట్రెంతెన్ ప్రశ్నకి, అంటే వాదనను బలపరిచే ఆప్షన్ ఏదని అడిగే ప్రశ్నకి, జవాబు. ఇది కన్‌క్లూజన్‌ని సంపూర్ణంగా నిరూపించిందా అని అడిగితే, ఒక్క ఆధారంతో లేదు. మానేయగలిగినవాళ్ల జన్యువులే వేరేమో అని ఇంకా ఎవరైనా అనవచ్చు. స్ట్రెంతెన్ ఆప్షన్ నిరూపించనక్కర్లేదు. ఎదుటివాళ్ల వివరణను నిన్నటికన్నా ఈరోజు కష్టతరం చేస్తే చాలు. పరిశోధనలో నమ్మకం పెరిగేది ఇలాగే. ఒకరు ఖాళీ చూపిస్తారు, ఇంకొకరు దాన్ని పూడుస్తారు. హార్మోన్ మాత్రల కథలో పూడ్చబోతే కన్‌క్లూజనే పడిపోయింది. సిగరెట్ కథలో ఒక్కో ఖాళీ పూడేకొద్దీ కన్‌క్లూజన్ గట్టిపడింది. మొదటిరోజు వాదనలు చూస్తే రెండిటిలోనూ ఒకే ఖాళీ. ఏది నిలబడుతుందో ఆ రోజు కాగితం మీద ఎవరూ చెప్పలేకపోయేవారు. ఫిషర్ లాంటివాడు అప్పుడు ఆగి, "దీన్ని ఎలా పరీక్షిద్దాం?" అని అడిగి ఉంటే బాగుండేదని నాకు ఇప్పటికీ అనిపిస్తుంది.

కాబట్టి నమ్మకం పోగొట్టుకోమని నేను చెప్పడం లేదు. ఇంట్లో ఎవరైనా వేసుకునే మందుని ఈ క్లాసు విని ఆపించేయకండి, దయచేసి. డాక్టర్‌ని అడగండి. ఎవరి మీద పరీక్షించారు, ఏది కొలిచారు, 10,000 మందిలో ఎంతమందికి తేడా వస్తుంది అని అడగడం ఇప్పుడు మీకు వచ్చు.

ఇప్పుడు పెన్నులు తీసుకోండి. మీ ముందున్న షీటు తిప్పితే నిద్ర మీద ఒక వాదన ఉంటుంది. ఆప్షన్ల మీద చెయ్యి అడ్డం పెట్టుకోండి. కన్‌క్లూజన్ కింద గీత గీసి, అందులోని క్రియాపదం చుట్టూ సున్నా చుట్టండి. ఆ క్రియ ఆధారంలో ఎక్కడైనా ఉందేమో వెతకండి. రెండు నిమిషాలు ఇస్తాను, తర్వాత కలిసి చూద్దాం.